సగం చెప్పిన కథ

ప్రతి ఇంట్లోనూ పండుగనాడు మాత్రమే బయటికి వచ్చే కథలు కొన్ని ఉంటాయి. షీర్ ఖుర్మా గిన్నెలు ఖాళీ అవుతాయి. పెద్దలు గోడకు చేరగిలబడతారు. పిల్లలు ఈదీ డబ్బులు లెక్కపెట్టుకుంటూ ఉంటారు. అప్పుడు ఎవరో ఒకరు, "మీ అబ్బా చిన్నప్పుడు ఏం చేశాడో తెలుసా?" అని మొదలుపెడతారు. అందరికీ తెలిసిన కథే అయినా అందరూ వింటారు, అందరూ నవ్వుతారు. మా ఇంట్లోనూ అలాంటి కథ ఒకటుంది. అది మా తమ్ముడి గురించి. చెప్పేవాణ్ణి ఎప్పుడూ నేనే.

అప్పుడు వాడికి ఆరేళ్ళు. గుంటూరు జిల్లాలోని మా ఊళ్ళో, రంజాన్ చివరి రోజుల్లో, మా దాదీ ఫిత్రా కోసం కూడబెట్టిన చిల్లరను పాలపొడి డబ్బాలో వేసి గోడగూట్లో దాచేది. ఆ రోజు వీధిలోకి బూరలవాడు వచ్చాడు. తమ్ముడు పీట వేసుకుని ఎక్కి డబ్బాలోంచి అర్ధ రూపాయి బిళ్ళ తీశాడు. అలికిడికి దాదీ వచ్చి ఏం చేస్తున్నావంటే, బిళ్ళను నోట్లో పెట్టుకుని తల అడ్డంగా ఊపాడు. "ఏం నాయనా, మాట్లాడితే రోజా విరిగిపోతుందా?" అని దాదీ అడిగింది. ఇక్కడికి రాగానే అందరూ పగలబడి నవ్వుతారు. నేను చెప్పే కథ కూడా ఇక్కడితో అయిపోతుంది.

పోయిన రంజాన్ పండుగనాడు కూడా చెప్పాను. అందరూ నవ్వారు. నవ్వులు సద్దుమణిగాక, తమ్ముడి కూతురు, ఏడేళ్ళ పిల్ల, తండ్రి ముఖంలోకి చూసి, "అబ్బా, నువ్వు దొంగవా?" అని అడిగింది. మళ్ళీ అందరూ నవ్వారు. వాడూ నవ్వాడు. నవ్వుతూనే చేతులు కడుక్కునే నెపంతో లేచి వెళ్ళిపోయాడు.

అంతకు కొన్ని నెలల ముందు మా మస్జిదు కమిటీ వాళ్ళు వాణ్ణి లెక్కలు చూడమని అడిగారు. కామర్స్ చదివినవాడు, రూపాయి తేడా రానివ్వడు. అయినా ఒప్పుకోలేదు. "డబ్బు దగ్గర నన్ను పెట్టకండి" అన్నాడు. వినయం అనుకున్నాను నేను. పండుగ రాత్రి నిద్రపట్టక పడుకున్నప్పుడు ఆ మాట గుర్తొచ్చింది. దానితోపాటు, నేను ఎన్నో ఏళ్ళుగా చెప్పకుండా వదిలేసిన మిగతా సగం కథ కూడా గుర్తొచ్చింది. ఆ సగం ఏమిటో తర్వాత చెబుతాను. ముందు నన్ను పట్టుకున్న ప్రశ్న పాఠకుల ముందు పెడతాను. మనిషి "నేను" అని అనుకునేదాంట్లో అతనికి స్వయంగా గుర్తున్నదెంత, ఇతరులు చెప్పగా విన్నదెంత? ఆ విన్నది అబద్ధమైతే, లేక నిజమే అయినా సగమే అయితే, దానికి జవాబుదారులెవరు?

తత్వవేత్తలు ఈ ప్రశ్నను తమ పద్ధతిలో చర్చించారు. మనిషి జ్ఞాపకం ఎంతవరకు వెనక్కి పోగలదో అంతవరకే అతను అదే వ్యక్తి అని ఇంగ్లండుకు చెందిన జాన్ లాక్ 1694లో వాదించాడు. దానికి స్కాట్లండుకు చెందిన థామస్ రీడ్ 1785లో ఒక కథతో జవాబిచ్చాడు. ఒక పిల్లవాడు తోటలో దొంగతనం చేసి దెబ్బలు తిన్నాడు. పెద్దయి సైనికాధికారిగా శత్రువు జెండాను గెలుచుకున్నప్పుడు అతనికి ఆ దెబ్బలు గుర్తున్నాయి. వయసు మళ్ళి సేనాధిపతి అయ్యేసరికి జెండా గుర్తుంది గాని దెబ్బలు గుర్తులేవు. మరి ఈ సేనాధిపతి ఆ పిల్లవాడు కాడా? లాక్ లెక్క ప్రకారం అవుననీ చెప్పాలి, కాదనీ చెప్పాలి. తర్కానికి ఇది చక్కటి చిక్కే. అయితే వీళ్ళిద్దరూ మన ఇళ్ళను చూసి ఉండరు. మన ఇళ్ళలో సేనాధిపతి మరిచిపోయినా ఆయన అక్క మరిచిపోదు.

జ్ఞాపకం ఏ వయసు నుంచి నమ్మదగినది అనే ప్రశ్నను మన హదీసువేత్తలు కూడా ఎంతో జాగ్రత్తగా పరిశీలించారు. వాళ్ళకది కాలక్షేపం కాదు, ధర్మానికి సంబంధించిన సాక్ష్యం. ఇమామ్ బుఖారీ (రహ్మ) తన గ్రంథంలోని విద్యా ప్రకరణంలో, చిన్నపిల్లలు విన్నది ఎప్పటి నుంచి చెల్లుతుందనే అంశానికి ఒక అధ్యాయమే కేటాయించారు. అందులో హజ్రత్ మహ్‌మూద్ బిన్ రబీ (రజి) చెప్పిన ఒక చిన్న సంగతి ఉంది. ఆయనకు అయిదేళ్ళ వయసున్నప్పుడు దైవప్రవక్త ముహమ్మద్ (స) చేదలోని నీళ్ళు పుక్కిట పట్టి ఆయన ముఖం మీద చిలకరించారు. అంతే. అందులో ఆజ్ఞ లేదు, నిషేధం లేదు. ఒక పెద్దాయన ఒక పసివాడితో ఆడిన ఆట. దాన్ని ఆ పిల్లవాడు జీవితాంతం దాచుకున్నాడు. ఈ ఉల్లేఖనం ఆధారంగానే తర్వాతి తరాల హదీసువేత్తలు అయిదేళ్ళను ఒక హద్దుగా పాటించారు. అయితే హిజ్రీ 643లో మరణించిన ఇబ్నుస్సలాహ్ (రహ్మ), వయసు లెక్క కంటే ఆ పిల్లవాడి స్థితి ముఖ్యమని రాశారు. చెప్పింది అర్థం చేసుకుని బదులివ్వగలిగితే వాడు విన్నది చెల్లుతుంది, లేకపోతే యాభై ఏళ్ళున్నా చెల్లదు. ఆవుకూ గాడిదకూ తేడా తెలిసినప్పటి నుంచి అని ఇంకొక పండితుడి సమాధానం. నాకు ఈ జవాబు చాలా ఇష్టం.

అదే విధంగా హజ్రత్ హసన్ (రజి)ను, దైవప్రవక్త (స) గురించి మీకేం గుర్తుందని ఒకరు అడిగారు. తాతగారు పోయేనాటికి ఆయన వయసు ఎనిమిదేళ్ళ లోపే. ఆయన చెప్పిన జ్ఞాపకం ఇది: సదఖా కోసం వచ్చిన ఖర్జూరాల్లోంచి ఒకటి తీసి నోట్లో పెట్టుకున్నారు. దైవప్రవక్త (స) దాన్ని చొంగతో సహా నోట్లోంచి తీసి, తిరిగి ఆ ఖర్జూరాల్లోనే వేశారు. ఒక్క పండుకేమయింది అని ఎవరో అంటే, సదఖా సొమ్ము తమ కుటుంబానికి ధర్మసమ్మతం కాదని వివరించారు. పాఠకులు గమనించాలి. ఇది కూడా పసితనంలో తనది కానిది నోట్లో పెట్టుకున్న కథే. కాని దీన్ని చెప్పింది ఎవరు? హసన్ (రజి) స్వయంగా చెప్పారు. అందులో ఆయన దొంగగా కనిపించరు. తాతగారి వేళ్ళు, ఒక సూత్రం, తాను ఏ ఇంటివాణ్ణన్న ఎరుక కనిపిస్తాయి. మా తమ్ముడి నోట్లోని బిళ్ళకూ ఈ ఖర్జూరానికీ మధ్య ఉన్న దూరమంతా చెప్పేవారి వల్ల వచ్చిందే.

కందక యుద్ధం నాటి ఇంకొక ఉల్లేఖనం బుఖారీలోనే ఉంది. పసివాడైన అబ్దుల్లాహ్ బిన్ జుబైర్ (రజి)ని స్త్రీల దగ్గర ఉంచారు. ఆయన అక్కడి నుంచి తండ్రి గుర్రం మీద బనూ ఖురైజా వైపు రెండు మూడుసార్లు పోయి రావడం చూశారు. ఇంటికి వచ్చాక, "అబ్బా, మీరు అటూ ఇటూ తిరుగుతుంటే చూశాను" అన్నారు. తండ్రి హజ్రత్ జుబైర్ (రజి) "చిన్నపిల్లవాడివి, నీకేం తెలుసు" అనలేదు. నన్ను చూశావా నాయనా అని ఆశగా అడిగి, తాను ఎందుకు వెళ్ళారో, వార్త తెచ్చినందుకు దైవప్రవక్త (స) తనను ఎంత ప్రేమగా సంబోధించారో వివరించారు. పిల్లవాడి దగ్గర ఉన్నది ఒక దృశ్యం మాత్రమే: గుర్రం, దుమ్ము, తండ్రి. దానికి అర్థం ఇచ్చింది తండ్రి. ఆ రెండూ కలిసి ఒకే జ్ఞాపకం అయ్యాయి. మనందరి బాల్యమూ ఇలాగే తయారవుతుంది. సగం మన కళ్ళు చూసింది, సగం పెద్దవాళ్ళ నోట విన్నది. కొంతకాలానికి అతుకు ఎక్కడ పడిందో మనకే తెలియదు.

పెద్దవాళ్ళు అబద్ధం చెబితే? పిల్లల మనస్తత్వంపై పరిశోధనలు చేసిన స్విట్జర్లండు దేశస్థుడు జాఁ పియాజే (1896–1980) తన సొంత అనుభవం రాశాడు. తనకు రెండేళ్ళప్పుడు పారిస్‌లోని షాంజెలిజే వీధిలో ఆయా బండిలో కూర్చోబెట్టి తోసుకుపోతుండగా ఒకడు తనను ఎత్తుకుపోవడానికి వచ్చాడనీ, ఆయా అతనితో పెనుగులాడిందనీ, ఆమె ముఖం మీద గీరుకుపోయిందనీ ఆయనకు స్పష్టంగా గుర్తు. ఆ పోలీసు, ఆ గుమిగూడిన జనం, అంతా కళ్ళకు కట్టినట్టుండేది. పియాజేకు పదిహేనేళ్ళున్నప్పుడు ఆ ఆయా ఆయన తల్లిదండ్రులకు ఉత్తరం రాసింది. ఆమె మతజీవితం వైపు మళ్ళి, పాత తప్పులు ఒప్పుకోవాలనుకుంది. కథంతా తాను కల్పించిందేననీ, ముఖం మీద గీతలు కూడా తానే గీసుకుందనీ రాసి, అప్పట్లో బహుమానంగా ఇచ్చిన గడియారం తిరిగి పంపింది. చిన్నప్పుడు పెద్దలు చెప్పగా విన్న కథ తనలో కళ్ళారా చూసిన జ్ఞాపకంగా మారిపోయిందని పియాజే గ్రహించాడు. గడియారమైతే తిరిగి వచ్చింది. జ్ఞాపకాన్ని తిరిగి తీసుకునేదెవరు?

ఇక్కడ హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ ఆమిర్ (రజి) చెప్పిన సంగతి గుర్తుకు రాక మానదు. ఇది అబూ దావూద్‌లో ఉంది. దైవప్రవక్త (స) వాళ్ళ ఇంట్లో కూర్చుని ఉండగా తల్లి ఆయనను, ఇటురా, నీకొకటి ఇస్తాను అని పిలిచింది. ఏమివ్వాలనుకుంటున్నావని దైవప్రవక్త (స) ఆమెను అడిగారు. ఖర్జూరం అని ఆమె జవాబిచ్చింది. ఏమీ ఇవ్వకపోయి ఉంటే నీ ఖాతాలో ఒక అబద్ధం రాయబడేదని ఆయన చెప్పారు. మనం దీన్ని సాధారణంగా "పిల్లల్ని మభ్యపెట్టకూడదు" అనే పాఠంగా చదువుతాం. అది సరైనదే. కాని ఇంకొక సంగతి చూడండి. పిల్లవాడితో ఆడిన మాట కూడా పెద్దవాళ్ళతో ఆడిన మాటంత బరువుగా లెక్కలోకి వస్తుందని ఇందులో ఉంది. పిల్లవాడికి ఆడిన మాటకే ఇంత లెక్క ఉంటే, పిల్లవాడి గురించి, వాడు బతికినంతకాలం వాడి వెంట పోయే మాటకు లెక్క ఎంతుండాలి? జనాన్ని నవ్వించడానికి అబద్ధం చెప్పేవాడికి వినాశం తప్పదన్న హెచ్చరిక కూడా హదీసుల్లో ఉంది. నేను అబద్ధం చెప్పలేదు కదా అని ఆ రాత్రి నాకు నేను సర్దిచెప్పుకోబోయాను. అప్పుడు యూసుఫ్ సూరా గుర్తుకొచ్చింది.

దివ్య ఖుర్ఆన్ అత్యుత్తమ గాథగా పేర్కొన్న ఆ సూరాలో, 77వ ఆయతు దగ్గర మనం ఆగకుండా పోతుంటాం. రాజుగారి పానపాత్ర బిన్యామీన్ మూటలో దొరికింది. అప్పుడు అన్నలు, వీడు దొంగతనం చేశాడంటే వింతేముంది, వీడి అన్న కూడా పూర్వం చేశాడు అని అనేశారు. ఆ అన్న ఎవరు? వాళ్ళ ఎదుట సింహాసనం మీద కూర్చున్నాయనే. వాళ్ళకు తెలియదు. తమ్ముణ్ణి బావిలో పడేసి ఎన్నో ఏళ్ళయింది. ఆ తమ్ముడి ముఖం మరిచిపోయారు. వాడి బాల్యం గురించిన నింద మాత్రం మరిచిపోలేదు. ఒక మనిషి గురించి ఇంట్లో చెప్పుకున్న కథ ఆ మనిషికంటే ఎక్కువ కాలం బతుకుతుందనడానికి ఇంతకంటే నిదర్శనం ఇంకేం కావాలి?

ఆ నింద వెనకున్న సంగతి ఖుర్ఆన్ చెప్పలేదు. వ్యాఖ్యాతలు కొన్ని కథనాలు ఉటంకించారు, అవి ఖుర్ఆన్‌తో సమానమైన ఆధారాలు కావు. వాటిలో ఒకటి ఇలా ఉంది. హజ్రత్ యూసుఫ్ (అ)ను చిన్నప్పుడు మేనత్త పెంచింది. తండ్రి తీసుకుపోవడానికి వస్తే ఆమె విడిచిపెట్టలేకపోయింది. తన తండ్రి హజ్రత్ ఇస్‌హాఖ్ (అ) నుంచి సంక్రమించిన నడికట్టును పిల్లవాడి బట్టల లోపల కట్టి, అది పోయిందని వెతికించింది. వాడి దగ్గర దొరికింది కాబట్టి అప్పటి ఆచారం ప్రకారం వాణ్ణి తన దగ్గరే ఉంచుకుంది. ఈ కథనం ప్రకారం ఆ దొంగతనం ఒక ఆడమనిషి ప్రేమ ఆడించిన నాటకం. అన్నల నోట అది కుదించుకుపోయి ఒక్క ముక్కగా మిగిలింది: వాడూ దొంగే. నడికట్టు కట్టిన చేతులు కథలోంచి మాయమైపోయాయి.

యూసుఫ్ (అ) ఆ మాటను తన మనసులోనే దాచుకున్నారని, బయటపెట్టలేదని ఖుర్ఆన్ చెబుతోంది. అధికారం చేతిలో ఉన్న మనిషి, దైవప్రవక్త, అయినా ఆ మాట లోపలికి పోయింది. మా తమ్ముడు చేతులు కడుక్కోవడానికి ఎందుకు లేచాడో నాకు అప్పుడు అర్థమైంది.

ఇక ఆ మిగతా సగం. తమ్ముడు అర్ధ రూపాయితో వీధిలోకి పరుగెత్తాడు. బూరలవాడి చుట్టూ తిరిగాడు. కొనలేదు. మగ్రిబ్ అజాన్‌కు ముందు ఎవరూ చూడటం లేదనుకుని అదే పీట వేసుకుని బిళ్ళను డబ్బాలో వేసేశాడు. దాదీ వంటింటి గుమ్మంలోంచి చూసింది, ఏమీ అనలేదు. ఎవరూ అడగలేదు, కొట్టలేదు, బెదిరించలేదు. ఆరేళ్ళ పిల్లవాడు తనంతట తానే చేశాడు. దాదీ బతికున్నంతకాలం ఈ కథ రెండు సగాలతోనూ చెప్పేది. ఆమెకు రెండో సగమే అసలు కథ. మొదటి సగం దానికి మెట్టు. ఆమె పోయాక కథ నా వంతుకొచ్చింది. నవ్వు మొదటి సగంలోనే ఉంది కాబట్టి నేను అక్కడే ఆపడం మొదలుపెట్టాను. కావాలని ఆపలేదు. ఎక్కడ నవ్వుతారో అక్కడ ఆగడం ఎవరికైనా అలవాటైపోతుంది.

ఇలాంటి సగం కథలు మన ఇళ్ళలో ఎన్ని లేవు! గల్ఫ్ కుటుంబాల సంగతే చూడండి. కడప ప్రాంతం నుంచి కువైట్‌కు పోయి ఏళ్ళ తరబడి అక్కడే ఉండిపోయిన తండ్రులు ఎందరో ఉన్నారు. వాళ్ళకు తమ పిల్లలు తెలిసేది ఫోనులో భార్య చెప్పే మాటల ద్వారా. పాపం ఆ తల్లి రోజంతా ఒంటరిగా ఈడ్చుకొచ్చిన భారాన్ని ఫోనులోనే దించుకుంటుంది. చదవడం లేదు, మాట వినడం లేదు, పక్కింటివాళ్ళతో గొడవ. పిల్లవాడు నానీ కాళ్ళు పట్టిన సంగతి, చెల్లెల్ని బడికి దిగబెట్టిన సంగతి ఆ కాస్త సమయంలో చోటు దొరకక మిగిలిపోతాయి. రెండేళ్ళకు సెలవు మీద వచ్చిన తండ్రి తన కొడుకును కలవడు, ఒక ఫిర్యాదుల జాబితాను కలుస్తాడు. పిల్లవాడు కూడా తండ్రి కళ్ళలో ఆ జాబితానే చూసుకుంటాడు. ఇందులో ఎవరూ చెడ్డవాళ్ళు కారు. ఇప్పుడు ఏడుస్తున్న పిల్లల్ని వీడియో తీసి కుటుంబం వాట్సాప్ గ్రూపులో పెట్టే అలవాటు ఒకటి తోడైంది. ఆ పిల్లలు ఇరవై ఏళ్ళవాళ్ళయ్యాక దాన్ని చూసి ఏమనుకుంటారో ఎవరూ అడగరు. ఒకరికి నచ్చని సంగతిని వారి వెనక చెప్పడం గీబత్ అని మనకు తెలుసు. పిల్లవాడికి ఇప్పుడు నచ్చదని తెలియదు కాబట్టి గీబత్ కాదని మనం అనుకుంటున్నామా?

మనిషి బాల్యాన్ని అతని మీదే ఆయుధంగా వాడటం కొత్త సంగతి కాదు. హజ్రత్ మూసా (అ) సత్యసందేశంతో దర్బారుకు వచ్చినప్పుడు ఫిరౌను మొట్టమొదట ఎత్తింది బాల్యాన్నే. నువ్వు పసివాడిగా మా ఇంట్లో పెరగలేదా అని. ఆ తర్వాత ఆయన చేతిలో జరిగిన హత్యను ఎత్తాడు. షుఅరా సూరాలోని ఈ సంభాషణ చదివి చూడండి. మూసా (అ) తన తప్పును కాదనలేదు. కాని, నన్ను పెంచానని నువ్వు దెప్పుతున్న ఉపకారం ఇస్రాయీల్ సంతతిని బానిసలుగా చేసుకున్నందువల్ల కలిగిందే కదా అని గుర్తుచేశారు. పసివాళ్ళను చంపించింది ఎవరు? తల్లి బిడ్డను పెట్టెలో పెట్టి నదిలో వదలాల్సి వచ్చింది ఎందుకు? ఫిరౌను తన కథలోంచి ఆ ముక్క తీసేశాడు. మూసా (అ) ఆ కథకు సమాధానం చెప్పగలిగారంటే, అసలు కథ ఆయనకు ముందే తెలుసు. తాహా సూరాలో అల్లాహ్ ఆయనకు ఆయన శైశవాన్నే వినిపించాడు. తల్లికి కలిగిన ప్రేరణ, నది, ఒడ్డు వెంట నడిచిన అక్క, తల్లి కళ్ళు చల్లబడటం. పసికందుకు ఇవేవీ గుర్తుండవు. ప్రవక్తగా పంపే వేళ ఆయనకు ఆ కథ పూర్తిగా అందింది.

దుహా సూరాలో మన ప్రవక్త (స)కు ఆయన అనాథ బాల్యం గుర్తుచేయబడింది. ఎందుకు? దెప్పిపొడవడానికి కాదు. ఆ వెంటనే అనాథ పట్ల కఠినంగా ఉండవద్దన్న ఆజ్ఞ వచ్చింది. ఒకే బాల్యాన్ని అప్పుగానూ చూపవచ్చు, బలంగానూ చూపవచ్చు.

అయితే పిల్లల తప్పులు చెప్పనే కూడదా అని కొందరు అడగవచ్చు. నేనలా అనడం లేదు. పొగడ్తలు మాత్రమే విని పెరిగిన పిల్లవాడు మొదటిసారి తప్పు చేసినప్పుడు, తాను ఈ ఇంటివాణ్ణి కానేమో అని బెంగపడతాడు. 2001 ప్రాంతంలో అమెరికాలోని ఎమరీ విశ్వవిద్యాలయంలో మార్షల్ డ్యూక్, రాబిన్ ఫివుష్ అనే ఇద్దరు పరిశోధకులు పిల్లల్ని ఇరవై ప్రశ్నలు అడిగారు. మీ తాతలు ఎక్కడ పెరిగారు, మీ అమ్మానాన్నలు ఎలా కలిశారు, ఇలాంటివి. కుటుంబ కథలు ఎక్కువ తెలిసిన పిల్లల్లో ఆత్మగౌరవం ఎక్కువగా కనిపించింది. అలాగని జవాబులు కంఠస్థం చేయిస్తే లాభం లేదన్నారు. కష్టసుఖాలు రెండూ కలిసి ఉన్న కథలే పిల్లలకు ఎక్కువ ఆసరా ఇస్తాయన్నది డ్యూక్ అభిప్రాయం. కాబట్టి తప్పులూ చెప్పాలి. నాకు చిక్కు వచ్చింది వేరే దగ్గర.

యూసుఫ్ (అ) కూడా సగమే చెప్పారు! సూరా చివర్లో తల్లిదండ్రులు, అన్నలు అందరూ కలిశాక, ఆయన అల్లాహ్ ఉపకారాలను తలచుకుంటూ, నన్ను చెరసాల నుంచి బయటికి తీశాడన్నారు. బావి పేరెత్తలేదు. చెరసాల కంటే ముందు బావి ఉంది, ఆ బావే అన్నిటికీ మొదలు. వ్యాఖ్యాతలు దీన్ని గమనించారు. అన్నలు సిగ్గుపడకూడదని ఆ మాట దాటవేశారని రాశారు. జరిగినదాన్ని కూడా, నాకూ నా సోదరులకూ మధ్య షైతాన్ కలతపెట్టాడని చెప్పారు. అన్నలు నన్ను హింసించారని అనలేదు. మరి ఆయన వదిలేసినదానికీ నేను వదిలేసినదానికీ తేడా ఏమిటి? నేను చాలా రోజులు ఆలోచించాను. ఆయన వదిలేసింది అక్కడున్న అందరికీ తెలుసు. ఎవరూ మోసపోలేదు. పైగా ఆ బాధ ఆయనది, దాన్ని వదులుకునే హక్కు ఆయనకే ఉంది. నేను వదిలేసింది వింటున్న పిల్లలకు తెలియదు. అది నా సొమ్మూ కాదు. మా తమ్ముడి దగ్గరున్న ఒకే ఒక్క సాక్ష్యం అది, నేను దాన్ని నా జేబులో వేసుకుని తిరిగాను. ఆ ఇంట్లో నిజంగా ఇతరుల సొమ్ము తీసి తిరిగి పెట్టనివాడు ఎవరో లెక్క తేలుతోంది.

ఇంకా ఒక తేడా ఉంది. ఎంత ఆలోచించినా ఇది నాకు పూర్తిగా అంతుపట్టలేదు. ఆయన మౌనం వల్ల అన్నలు తాము మారిన మనుషులుగా బతకగలిగారు. నా మౌనం వల్ల మా తమ్ముడు ఆరేళ్ళ దగ్గరే ఆగిపోయాడు. తౌబా చేసినవాడు పాపం చేయనివాడితో సమానమని మనం మస్జిదులో వింటాం, తల ఊపుతాం. ఇంటికి వచ్చి భోజనాల దగ్గర, ఆ మాఫీ అయిన లెక్కను మళ్ళీ తిరగతోడతాం.

మొన్న బక్రీద్‌కు అందరం కలిశాం. ఈసారి కథ నేనే ఎత్తాను. ఎప్పటిలాగే నవ్వులు మొదలయ్యాయి. ఆగకుండా రెండో సగం చెప్పాను. బూరలవాడు, కొనకుండా తిరిగిరావడం, పీట, డబ్బా, గుమ్మంలో దాదీ. నవ్వులు ఆగిపోయాయి. తమ్ముడి కూతురు వాడి ఒళ్ళోకి జరిగింది. వాడు నావైపు చాలాసేపు చూశాడు.

"నేనే తిరిగి పెట్టానా?"

"నువ్వే. దాదీ ఎన్నిసార్లు చెప్పిందో."

"నాకు గుర్తులేదు భాయీ. పీట గుర్తుంది, నోట్లో బిళ్ళ చల్లదనం గుర్తుంది. పెట్టడం గుర్తులేదు." కాసేపాగి నెమ్మదిగా అన్నాడు. "ముప్పై ఏళ్ళుగా సగమే చెప్పినవాడివి. ఇవాళ నన్ను చూసి జాలిపడి మిగతా సగం కల్పించలేదని ఏం నమ్మకం?"

కోపంతో అనలేదు. నిజంగానే తెలుసుకోవాలని అడిగాడు. నా దగ్గర జవాబు లేదు. ఒక ఉల్లేఖకుడు కథను మధ్యలో కత్తిరిస్తాడని ఒకసారి తేలితే, తర్వాత అతను తెచ్చిన పూర్తి కథను కూడా హదీసువేత్తలు అంత సులభంగా తీసుకోరు. వాళ్ళు ఇంకొక సాక్షి కోసం వెతుకుతారు.

"ఫుప్పమ్మ ఉంది కదా" అన్నాను చివరికి. "ఆ సాయంత్రం వంటింట్లో దాదీ పక్కనే ఉంది. ఆమెను అడుగుదాం."

ఫుప్పమ్మ నరసరావుపేటలో కొడుకు దగ్గర ఉంటోంది. ఎనభై దాటాయి. చెవులు సరిగా వినపడవు గాని పాత సంగతులు ఒక్కటీ మరిచిపోలేదంటారు. వచ్చే ఆదివారం పోదామని తమ్ముడన్నాడు. వాడి కూతురు తానూ వస్తానంది.